పరువు, పరువెత్తు, పరువం

తుళ్లూరు చుట్టుపక్కల మిరప కల్లాల్లో పనిచేసే ఆడవాళ్ల నోట చిన్నప్పుడు నేను ఎక్కువగా విన్న మాట ‘పరువు’. ఎండుకాయ కుప్ప ముందు వరసగా కూర్చుని, ముక్కుకు చీరకొంగు చుట్టుకుని, ఎర్రకాయ ఒకవైపు, తాలుకాయ ఒకవైపు ఏరుతూ మాట్లాడుకునేవాళ్లు. ‘‘ఒకరి గడప తొక్కకుండా పరువుగా బతుకుతున్నాం తల్లీ’’ అని ఒకామె అనేది. ‘‘అంతకంటే ఏం కావాల్లే వదినా’’ అని పక్కామె అందుకునేది. అక్కడ పరువంటే మెడ మీద అప్పు లేకపోవడం, తన రెక్కల కష్టం తాను తినడం, సాయంత్రం కూలి డబ్బులు కొంగున ముడేసుకుని తలెత్తుకుని ఇంటికి పోవడం. ఎవరి పరువు వాళ్లది. ఒకరు తెచ్చివ్వలేరు, ఒకరు తీసుకుపోలేరు.

అదే ఊళ్లో, అదే మాట, ఒకరోజు వేరే గొంతుతో వినబడింది. ఒక పిల్ల వేరే కులం అబ్బాయిని పెళ్లి చేసుకుందని తెలిసిన రోజు. ‘‘పరువు తీసింది’’ అన్నారు. తండ్రి అన్నాడు, మేనమామ అన్నాడు, ఆ పిల్లను జన్మలో పలకరించని దూరపు బంధువు కూడా అన్నాడు. కల్లంలో విన్న పరువుకూ ఈ పరువుకూ పోలికే లేదు. మొదటిది మనిషిది. రెండోది ఇంటిది, వంశానిది, వీధిది, చివరికి కులానిది. ఇంతమందికి ఒకేసారి సొంతమైనది ఇంకేదైనా ఉందా అని నేను చాలాకాలం ఆలోచించాను. పొలానికి కూడా ఇంతమంది హక్కుదారులుండరు.

ఈ మాటకు మన భాష ఏ క్రియలు తగిలించిందో ఒకసారి వరసగా చెప్పుకుని చూడండి. పరువు పోతుంది. పరువు తీస్తారు. పరువు బజారున పడుతుంది, గంగలో కలుస్తుంది, మంట గలుస్తుంది. డబ్బు సంపాదిస్తాం, పేరు సంపాదిస్తాం, పుణ్యం కూడా సంపాదిస్తాం. ‘పరువు సంపాదించాడు’ అని మాత్రం ఎవరూ అనరు. మహా అయితే నిలబెడతారు, కాపాడతారు. రావడం లేదు, పోవడమే ఉంది. ఎప్పుడూ చెయ్యిజారడానికి సిద్ధంగా ఉండే సొత్తు అది. చిత్రం ఏమిటంటే, ఆ సొత్తు యజమాని ఇంటిపెద్ద. దాన్ని పోగొట్టే శక్తి మాత్రం ఇంట్లో ఆఖరి ఆడపిల్లకు అంటగట్టారు. కొడుకు పేకాటలో ఎకరం పోగొడితే పరువు కాస్త పలచబడుతుంది, ఏడాది తిరిగేసరికి మళ్లీ చిక్కబడుతుంది. కూతురు తనకు నచ్చినవాడి చెయ్యి పట్టుకుంటే అది ఏకంగా పోతుంది. ఆమె తన పెళ్లి తాను చేసుకున్నానని అనుకుంటుంది. వాళ్లేమో ఆమె తమ వస్తువేదో పట్టుకుపోయిందని అంటారు.

చట్టంలో కూడా ‘పరువు నష్టం’ అనే నేరం ఉంది. ఇప్పటి భారతీయ న్యాయ సంహితలో అది 356వ సెక్షన్. ఒకరి మీద ఇంకొకరు నింద మోపి పేరు చెడగొడితే అది నేరం. పద్దెనిమిది నిండిన కూతురు పెళ్లి చేసుకోవడం ఎవరి మీదా నింద మోపడం కాదు. ఆమె పెళ్లి వల్ల పోయిందంటున్న పరువుకు చట్టం దృష్టిలో ఉనికే లేదు.

ఇక ఈ మాటకు మనం మరచిపోయిన ఇంకో అర్థం ఉంది. పాత తెలుగులో పరువు అంటే పరుగు. పరువిడు, పరువెత్తు అంటే పరుగెత్తడమే. ‘పరువులెత్తే గుర్రాలు’ అంటే ఇప్పటికీ అందరికీ అర్థమవుతుంది. పరువు, పరువం కూడా పక్కపక్కనే పలుకుతాయి. పాకం పరువానికి వచ్చిందంటారు. కాయ పరువం మీద ఉంది, రేపే కోత పెట్టించాలంటారు. ఈడొచ్చిన పిల్లను పరువానికి వచ్చిందంటారు. ఇవన్నీ ఒకే వేరు నుంచి మొలిచాయని నేను అనడం లేదు. మాటల పుట్టుక వేరు, మన నోట్లో వాటి పొత్తు వేరు. కానీ కులం దాటి పెళ్లి చేసుకున్న జంట కథంతా ఈ మూడు మాటల్లోనే ఉంది. పరువానికి వచ్చిన ఇద్దరు, పరువు పేరు చెప్పి తరిమే వాళ్లకు దొరక్కుండా, పరువెత్తుతుంటారు.

ఎక్కడికి పరువెత్తుతారు? పోలీసు స్టేషనుకు. అక్కడ కాకపోతే ఎస్పీ ఆఫీసుకు. అక్కడా కాకపోతే హైకోర్టుకు. ఆ హైకోర్టు ఇప్పుడు మా తుళ్లూరు మండలంలోనే ఉంది. 2019 జనవరి 1న ఆంధ్రప్రదేశ్‌కు విడిగా హైకోర్టు ఏర్పడింది, కొద్దినెలల్లోనే అది నేలపాడుకు వచ్చింది. నేను పత్తి తీతలు, మిరప కోతలు చూసిన నల్లరేగడి నేల మీద ఇప్పుడు రాజ్యాంగంలోని 226వ అధికరణం కింద రిట్లు దాఖలవుతున్నాయి. ‘మేము మేజర్లం, ఇష్టపడి పెళ్లి చేసుకున్నాం, మా ప్రాణాలకు రక్షణ కల్పించండి’ అనే పిటిషన్లు కూడా అలాంటివే. అనంతపురం నుంచి వచ్చినా, శ్రీకాకుళం నుంచి వచ్చినా ఆ పరువు ఆగే చోటు మా నేలపాడే. నా ఊరికి దక్కిన గౌరవాల్లో ఇది నాకు అన్నిటికంటే పెద్దదిగా కనిపిస్తుంది.

‘మేజర్లం’ అన్న మాట దగ్గర కాస్త ఆగాలి. ఇది ఇంగ్లిషు మాటే అయినా, ఊళ్లో చదువు రాని అవ్వకు కూడా అర్థమవుతుంది. ‘‘పిల్ల మేజరంటనా?’’ అని అడుగుతుంది ఆమె. పెద్ద పంచాయతీని మేజర్ పంచాయతీ అనే అలవాటు ఉన్న మనకు అది పరాయి మాటగా తోచదు. మన సొంత మాటలు ఈడు, యుక్తవయసు, పరువం. ఇవన్నీ ఒంటి గురించి చెప్పేవి. పిల్ల పెళ్లీడుకు వచ్చిందంటే ఆమెకు పెళ్లి చెయ్యొచ్చని అర్థం. ఆమె చేసుకోవచ్చని కాదు. ‘మేజర్’ అన్న మాట నిర్ణయం ఎవరిదో చెబుతుంది. మన మాటలకు లేని ఆ బరువు దానికి ఉంది కాబట్టే స్టేషన్ మెట్లెక్కిన పిల్ల ముందు దాన్నే పట్టుకుంటుంది. ‘‘నేను మేజర్నండీ’’ అంటుంది. సర్టిఫికెట్ల ఫైలు గుండెలకు హత్తుకుని మరీ అంటుంది.

మా ఊళ్లో రాజధాని కోసం 2015లో భూసమీకరణ జరిగినప్పుడు అంగీకార పత్రాల మీద సంతకాలు తీసుకున్నారు. ఎకరం ఎవరి పేరున ఉంటే వాళ్ల సంతకమే. మేనమామను పిలిచి అడగలేదు, కులపెద్దలను కూర్చోబెట్టి తేల్చలేదు. పట్టాదారు ఇస్తానన్నాడా లేదా, అంతే. ఆడవాళ్ల పేరున ఉన్న చేలకు ఆడవాళ్లే సంతకాలు పెట్టారు. తన పేరున ఉన్న నేల గురించి ఒక ఆడమనిషి సంతకం చాలినప్పుడు, తన జీవితం గురించి ఆమె సంతకం ఎందుకు చాలదు? సుప్రీంకోర్టు చెప్పింది కూడా సారంలో ఇదే. 2018 మార్చి 27న శక్తివాహిని కేసులో ప్రధాన న్యాయమూర్తి దీపక్ మిశ్రా ధర్మాసనం, ఇద్దరు వయోజనులు పెళ్లికి ఒప్పుకున్నాక కుటుంబం అంగీకారం గానీ, కులం అంగీకారం గానీ అక్కర్లేదని తేల్చింది. అంతకు పన్నెండేళ్ల ముందే, 2006లో లతాసింగ్ కేసులో, ఇలాంటి జంటలను ఎవరూ వేధించకుండా చూడాల్సింది పోలీసులేనని అదే కోర్టు చెప్పింది. పిల్ల చేసింది నచ్చకపోతే తల్లిదండ్రులు మాట్లాడటం మానుకోవచ్చు, అంతకుమించి బెదిరింపులూ దెబ్బలూ కుదరవని కూడా చెప్పింది. నాకు ఆ తీర్పులో నచ్చింది ఆ మాటే. తండ్రి కడుపుకోతను కోర్టు కాదనలేదు. అది ఎంతవరకు పోవచ్చో గీత గీసింది.

2018 తీర్పు అంతటితో ఆగలేదు. ప్రతి జిల్లాలో ఎస్పీ, సాంఘిక సంక్షేమ అధికారితో ఒక ప్రత్యేక విభాగం, ఇరవై నాలుగు గంటలూ పలికే ఫోను, జిల్లా కేంద్రంలో జంటలు తలదాచుకునే ఇల్లు ఉండాలంది. ఆ ఇంట్లో నామమాత్రపు రుసుముతో మొదట నెల, తర్వాత నెలనెలా పొడిగిస్తూ ఏడాది దాకా ఉండవచ్చంది. పెళ్లి ఇంకా కాకపోతే, పోలీసు బందోబస్తు మధ్య పెళ్లి జరిపించి, నమోదు చేయించడానికి కూడా సాయం చేయాలంది. ఇలాంటి జంటల హత్యల విచారణ రోజువారీగా నడిపి, వీలైతే ఆరు నెలల్లో ముగించాలంది.

ఇక్కడ ‘రక్షణ’ అనే మాట వస్తుంది. పిటిషన్లలో ఇదే పెద్ద మాట. ధర్మశాస్త్రం స్త్రీని చిన్నతనంలో తండ్రి, యౌవనంలో భర్త, ముసలితనంలో కొడుకు రక్షిస్తారని చెప్పింది. ఆ శ్లోకంలోని క్రియ కూడా ‘రక్ష’ ధాతువే. ఆ ధాతువు నుంచే పుట్టిన మాటతో ఇవాళ ఒక కూతురు నేలపాడు కోర్టులో నిలబడి తండ్రి నుంచి రక్షణ అడుగుతోంది. తన పేరుతో, తన సంతకంతో అడుగుతోంది. ఆ క్రియ చరిత్రలో ఇంతకంటే పెద్ద మలుపు ఉంటుందని నేను అనుకోను.

రక్షణ అడగడానికి వచ్చిన ఈ ఇద్దరిని మనం ఏమని పిలుస్తున్నాం? ఊరు ‘లేచిపోయారు’ అంటుంది. లేవడం, పోవడం రెండూ మంచి క్రియలే. పొద్దున్నే లేస్తాం, పనికి పోతాం. రెండూ కలిపేసరికి తిట్టయింది. మగవాడు కూడా కలిసే పోయినా, ‘లేచిపోయింది’ అని స్త్రీ మీదే ఎక్కువగా వాడతాం. శకుంతల దుష్యంతుణ్ణి తండ్రి లేని వేళ పెళ్లాడితే నన్నయ కాలం నుంచి దానికి గాంధర్వమని మర్యాదైన పేరు. అదే పని మా వీధి పిల్ల చేస్తే లేచిపోవడం. పేపరు ఇంకో మాట వాడుతుంది: ‘ప్రేమజంట’. ‘ఎస్పీని ఆశ్రయించిన ప్రేమజంట’ అని శీర్షిక. వాళ్ల చేతిలో రిజిస్టరు చేసిన పెళ్లి పత్రం ఉంటుంది, మెడలో తాళి ఉంటుంది. అయినా ప్రేమజంటే. పెద్దలు కుదిర్చిన పెళ్లయితే ముహూర్తం దాటిన మరుక్షణం ‘నూతన దంపతులు’ అని రాస్తారు. కులం దాటిన వాళ్లకు ఆ మాట ఇవ్వడానికి ఎందుకో చెయ్యి రాదు. ప్రేమజంట అనగానే సినిమా గుర్తొస్తుంది, దంపతులు అనగానే సంసారం గుర్తొస్తుంది. ఒక పిల్లల చేష్టలో పోలీసులు జోక్యం చేసుకున్నట్టు మొదటి మాట వినిపిస్తుంది. చట్టబద్ధమైన ఒక కాపురాన్ని గూండాల నుంచి కాపాడమని అడుగుతున్నట్టు రెండో మాట వినిపిస్తుంది. పేరు పెట్టడంలోనే సగం తీర్పు ఇచ్చేస్తున్నాం.

స్టేషన్లో ‘కౌన్సెలింగ్’ అనే మాట కూడా ఇలాంటిదే. పిల్లను ఒక గదిలో కూర్చోబెట్టి, తల్లిని లోపలికి పంపి, ‘‘అమ్మతో కాసేపు మాట్లాడమ్మా’’ అంటారు. తల్లి కాళ్ల మీద పడుతుంది, పురుగుమందు తాగుతానంటుంది. అది సలహా కాదు. లక్ష్మీబాయి చందరగి కేసులో 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ముందుకు వచ్చింది కూడా ఇలాంటి ఒత్తిడే. ఇష్టపడి పెళ్లి చేసుకున్నానని చెబుతున్న యువతి తిరిగి వచ్చి స్టేషన్లో వాంగ్మూలం ఇవ్వాల్సిందేనని కర్ణాటక పోలీసులు పట్టుబట్టారు. పోలీసులు నమోదు చేసిన ఆ కేసును కోర్టు కొట్టేసింది. ఇలాంటి వ్యవహారాల్లో ఎలా నడచుకోవాలో పోలీసులకు శిక్షణ ఇవ్వాలని చెప్పి, అంబేద్కర్ కులనిర్మూలన గ్రంథాన్ని గుర్తుచేసింది. కులాన్ని కరిగించే అసలు మందు కులాంతర వివాహమని ఆయన అందులో 1936లోనే వాదించాడు.

గుంటూరు, ప్రకాశం పల్లెల్లో ఇంకో చిక్కు ఉంది, దాన్ని గురించి ఎవరూ పెద్దగా మాట్లాడరు. ఇద్దరూ హిందువులైతే కులాంతర వివాహానికి ముందస్తు నోటీసు అక్కర్లేదు. 1955 నాటి హిందూ వివాహ చట్టం కింద పెళ్లి చేసుకుని నమోదు చేయించుకోవచ్చు. కానీ మా పల్లెల్లో మాలపల్లికి, మాదిగపల్లికి ఒక చర్చి ఉంటుంది. అబ్బాయి క్రైస్తవుడు, అమ్మాయి హిందువు అయి, ఇద్దరూ మతం మారకుండా పెళ్లి చేసుకోవాలంటే 1954 నాటి ప్రత్యేక వివాహ చట్టం ఒక దారి. ఆ చట్టం ముప్పై రోజుల నోటీసు అడుగుతుంది. పేర్లు, చిరునామాలు నోటీసు బోర్డు మీదకు ఎక్కుతాయి. ఒకరు వేరే జిల్లావాళ్లయితే ఆ నోటీసు నకలు అక్కడి అధికారికీ వెళ్తుంది. అంటే ఎవరి కంట పడకూడదని పరువెత్తారో వాళ్లకే నెలరోజుల గడువిచ్చి చెప్పినట్టు. రక్షణ కోసం పుట్టిన చట్టంలోనే ఈ కిటికీ తెరిచి ఉంది. పార్లమెంటు దాన్ని మూసేయాలి. ఇందులో నాకు రెండో అభిప్రాయం లేదు.

ఇప్పుడు అసలు మాట దగ్గరికి వస్తాను. ‘పరువు హత్య’. ఇది మనం పుట్టించుకున్న మాట కాదు, ఇంగ్లిషు పేరుకు తెలుగు తొడుగు. మన సమాసాల పద్ధతి తెలిసిన చెవికి ఇది ఒక్క క్షణం కూడా అతకదు. శిశుహత్య అంటే శిశువును చంపడం. గోహత్య అంటే ఆవును చంపడం. భ్రూణహత్య, బ్రహ్మహత్య, ఆత్మహత్య. ‘హత్య’కు ముందు ఉన్నదే ప్రతిచోటా చచ్చేది. ఆ లెక్కన పరువు హత్య అంటే పరువును చంపడం కావాలి. మనం మాత్రం పరువు కోసం మనిషిని చంపడం అనే అర్థంలో వాడుతున్నాం. చచ్చిన మనిషి ఆ మాటలో ఎక్కడా లేడు. చంపినవాడి సాకు మాత్రం ముందు కూర్చుంది. అచ్చతెలుగు పదాన్ని సంస్కృత పదానికి ఇలా అతికిస్తే వ్యాకరణం వైరి సమాసమంటుంది. ఎన్నో వైరి సమాసాలను మనం వాడుకలో చేర్చుకున్నాం, వాటితో నాకు పేచీ లేదు. ఇది మాత్రం అర్థంలోనూ వైరే. హంతకుడు కోర్టులో చెప్పుకోవాల్సిన వాదనను మనం శీర్షికలో ఉచితంగా రాసిపెడుతున్నాం.

మిర్యాలగూడ గుర్తుంది కదా. 2018 సెప్టెంబరు 14. గర్భిణి అయిన భార్యతో ఆసుపత్రి నుంచి బయటికి వస్తున్న దళిత యువకుణ్ణి వెనకనుంచి వచ్చి నరికారు. మనిషిని పురమాయించింది ఆమె తండ్రి. శక్తివాహిని తీర్పు వచ్చి ఆరు నెలలు కూడా నిండలేదు. తండ్రి 2020 మార్చిలో చనిపోయాడు. నల్లగొండ కోర్టు 2025 మార్చి 10న ఒకరికి ఉరి, ఆరుగురికి యావజ్జీవం వేసింది. విచారణ ఆరు నెలల్లో ముగియాలని సుప్రీంకోర్టు అన్నా, హత్య నాటి నుంచి తీర్పు రావడానికి ఆరున్నరేళ్లు పట్టింది. అప్పట్లో దళిత సంఘాలు, ప్రజాసంఘాలు ఒక మాట ముందుకు తెచ్చాయి: ‘కులదురహంకార హత్య’. నోరు తిరగని మాటే. శీర్షికలో ఇరకదు కూడా. కానీ ఎందుకు చంపారో అందులో ఉంది, ఏ ముసుగూ లేదు. ఇంకా పొట్టిగా కావాలంటే ‘కులహత్య’ అందామా? అదీ చెల్లదు, పై సూత్రం ప్రకారం కులాన్ని చంపడమవుతుంది. కులం చావడం లేదు, పిల్లలే చస్తున్నారు. కాబట్టి పొడుగైనా ఆ సంఘాల మాటే వాడుకుందాం. లేదా మామూలుగా ‘హత్య’ అందాం. దొంగ చేసిన హత్యను ‘డబ్బు హత్య’ అనడం లేదు కదా.

పరువంటే ఏమిటో తెలుసుకోవాలంటే నేను మా పాత గుంటూరు జిల్లాలోని వినుకొండ వైపు చూస్తాను. గుర్రం జాషువా 1895లో అక్కడ పుట్టాడు. తండ్రి వీరయ్య యాదవుడు, తల్లి లింగమాంబ మాదిగ. ఆ కాలంలో, ఏ కోర్టు రక్షణా లేని చోట, ఆ ఇద్దరూ కలిసి కాపురం చేశారు. ఆ కాపురానికి కలిగిన బిడ్డను ఇటు నుంచీ అటు నుంచీ ఈసడించారు. ఆ బిడ్డే తెలుగు పద్యానికి కొత్త పరువు తెచ్చాడు. చూశారా, నేను ఇందాక ఎవరూ అనరన్న మాటకు ఇక్కడ దగ్గరగా వచ్చాను: పరువు తెచ్చాడు. ఆయన కూతురు హేమలత 1960లో గోరా గారి అబ్బాయి లవణాన్ని పెళ్లాడింది. గోరా బ్రాహ్మణ కుటుంబంలో పుట్టి జంధ్యం వదిలేసిన నాస్తికుడు. అంతకు ముందే, 1948లో, తన కూతురు మనోరమను దళిత యువకుడు అర్జునరావుకు ఇచ్చి సేవాగ్రామంలో పెళ్లి చేశాడు. ఆ ఇళ్లలో ఎవరి పరువూ పోలేదు. హేమలతా లవణం స్టువర్టుపురంలో, జోగిని ఆడపిల్లల మధ్య దశాబ్దాల పాటు పనిచేసింది. కల్లంలో ఆడవాళ్లు అనే ‘పరువుగా బతకడం’ అంటే నాకు ఆమె గుర్తొస్తుంది.

ఇది చదివే పిల్లలెవరైనా ఆ పరుగులో ఉంటే, ఒక్క మాట. వయసు రుజువు, పెళ్లి రుజువు ఫోనులో దాచుకోవడమే కాదు, నమ్మకమైన వాళ్ల దగ్గర నకళ్లు ఉంచండి. బెదిరింపు ఎవరి నుంచి వస్తోందో కాగితం మీద పేర్లతో రాసి ఎస్పీకి ఇచ్చి రశీదు తీసుకోండి. న్యాయసేవాధికార సంస్థ ఫోను 15100. ఆడవాళ్లకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. మీ ఇద్దరిలో ఎస్సీ లేదా ఎస్టీ అయిన వాళ్లను, ఆ వర్గాలకు చెందని వాళ్లు కులం పేరుతో కొట్టినా బెదిరించినా 1989 నాటి అత్యాచారాల నిరోధక చట్టం కూడా మీ వెనక ఉంటుంది. కారంచేడులో దళితుల నెత్తురు చూశాకే వచ్చిన చట్టం అది. కారంచేడు కూడా మన మైదానంలోని ఊరే. ఏదీ పలక్కపోతే నేలపాడు ఉంది.

వార్తలు రాసే మిత్రులకు ఇంకొక్క విన్నపం. రేపో మాపో తుళ్లూరు నుంచో, తెనాలి నుంచో, చీరాల నుంచో ఇలాంటి ఇద్దరు రక్షణ కోరుతూ వస్తారు. వాళ్ల గురించి రాసేటప్పుడు ‘దంపతులు’ అని రాయండి.